పదమూడో పంక్తి

నజ్మీ చనిపోయిన సంగతిని ముందుగా పసిగట్టినవి దోన్‌దూ అవ్వ మేకలు.

టర్కీ తీరాన ఫెథియే రేవు నుంచి కాయా లోయకు పోయే కొండదారిలో, బండలో తొలిచిన పాత సమాధి ఒకటుంది. ఎండ ముదిరాక మేకలు పడుకునేది ఆ నీడలోనే. అలాంటిది మూడు రోజులుగా అటు పోవడం మానేశాయి. ఎండలోనే నిలబడి రొప్పుతున్నాయి. నాలుగో రోజు అవ్వకు ఒళ్లు మండి కొడుకును వెంటబెట్టుకుని వెళ్లింది. ఎప్పుడూ మూరెడు సందు తెరిచి ఉండే రాతి పలక గట్టిగా మూసుకుని ఉంది. ఇద్దరూ భుజాలు ఆనించి దాన్ని పక్కకు జరిపారు.

లోపల అరుగు మీద ముప్పై అయిదేళ్ల మనిషి వెల్లకిలా పడుకుని ఉన్నాడు. చేతులు ఛాతీ మీద ఉన్నాయి. బూట్లు విప్పి గోడ పక్కన జతగా పెట్టుకున్నాడు. కత్తిపోటు లేదు, తూటా దెబ్బ లేదు. గోళ్లు మాత్రం చితికిపోయి ఉన్నాయి. బెల్టు బకిల్ ఒక అంచున అరిగిపోయింది. తల దగ్గర గోడ మీద కొత్తగా గీసిన అంకె ఒకటి కనిపించింది.

13.

పది రోజుల తరువాత ఇజ్మీర్‌లో, బయట బోర్డు లేని ఆఫీసులో, కల్నల్ సాబిత్ బే ఆ గోడ ఫొటోను బల్ల మీదుగా జరిపాడు. ఎదుట కూర్చున్నవాడు ఏజెంట్ ముహ్లిస్. వయసు ముప్పై ఒకటి. నజ్మీతో ఆరేళ్లు కలిసి పనిచేసినవాడు.

"పోలీసులేమంటున్నారు?" అడిగాడు ముహ్లిస్.

"తేదీ అంటున్నారు. చచ్చింది పదమూడునేగా. బతికుండగా ఒక్క రిపోర్టు మీదైనా తేదీ వేశాడా వాడు? చచ్చేముందు వేస్తాడా?"

సాబిత్ బే గొంతు సవరించుకున్నాడు. రెండో ప్రపంచ యుద్ధం నాలుగో ఏట పడింది, టర్కీ ఇంకా అందులోకి దిగలేదు. కాఫీ గింజలు దొరక్క ఆఫీసులో వేయించిన శనగల పొడి కాస్తున్నారు. దాన్నే ఒక గుక్క తాగి మొహం చిట్లించాడు.

"సెలామెత్ అనే స్టీమరు. వచ్చే శుక్రవారం మధ్యాహ్నం ఫెథియే నుంచి బయల్దేరుతుంది. అవతల దీవుల్లో జనం ఆకలితో రాలిపోతున్నారు. వాళ్లకి గోధుమలు, పప్పు. స్టీమరు మీద డెబ్బై మంది. అందులో నలభై మంది నర్సులు."

"దాన్ని మన నీళ్లలోనే ముంచి, నేరం ఇంకొకరి మీదికి తోస్తే?"

"సోమవారానికల్లా మనం కూడా యుద్ధంలో ఉంటాం. ఒక విదేశీ గూఢచారి రింగు సరిగ్గా అదే పని మీదుందని నజ్మీ కనిపెట్టాడు. లోపలి మనిషి ఒకరు వాడికి కబుర్లు అందించేవాళ్లు. కోడ్ నేమ్ అంజూర. ఆడో మగో నాకు కూడా చెప్పలేదు."

"స్టీమరును ఆపేస్తే?"

"రింగు చెదిరిపోయి ఇంకో స్టీమరు చూసుకుంటుంది. ఈలోగా దీవుల్లో పిల్లలు చస్తారు. నువ్వు పుట్టింది కాయా లోయలోనేగా?"

"అవును. మళ్లీ అక్కడ అడుగుపెట్టనని ఒట్టేసుకున్నాను."

"నాకు వినపడలేదు," అని కల్నల్ ఒక తోలుసంచీ ముందుకు తోశాడు. అందులో మలేరియా ఆఫీసరు గుర్తింపు కార్డు, క్వినైన్ మాత్రలు, స్టెతస్కోప్, వాటి అడుగున పిస్తోలు ఉన్నాయి.

ఆ లోయ అంటే ముహ్లిస్‌కు ఎందుకంత భయమో కల్నల్‌కు తెలియదు. ముహ్లిస్‌కు పన్నెండేళ్లున్నప్పుడు, కొండమీది గ్రీకు ఇళ్లన్నీ వారం రోజుల్లో ఖాళీ అయ్యాయి. గ్రీసు, టర్కీ ప్రభుత్వాలు రెండూ జనాన్ని మార్చుకున్నాయి. అటువాళ్లు ఇటు, ఇటువాళ్లు అటు. వెళ్లేవాళ్లు దారిపొడుగునా వెనక్కి తిరిగి చూస్తూ పోయారు. ఆ తరువాత శీతాకాలమంతా గాలి వీచినప్పుడల్లా కొండమీద వందల తలుపులు కొట్టుకునేవి. లోయలోని తురుష్కుల ఇళ్లల్లో పిల్లలు చెవుల్లో దూది పెట్టుకుని పడుకునేవాళ్లు. ఆ దూది వాళ్ల అమ్మలే పెట్టేవాళ్లు.

బుధవారం పొద్దున లోయలోకి దిగీదిగగానే అతని మారువేషం ఊడిపోయింది. దోన్‌దూ అవ్వ అతన్ని ఎగాదిగా చూసి చెవి పట్టుకుంది.

"మలేరియా ఆఫీసరువా? చిన్నప్పుడు నీకొచ్చిన జ్వరం తగ్గించింది నేనేరా! రాళ్లు కొట్టే హాలిత్ కొడుకువి కాదూ నువ్వు?"

"అవ్వా, నీకు పుణ్యముంటుంది, మెల్లగా మాట్లాడు."

"మెల్లగానే మాట్లాడుతున్నా. నా గొంతే అంత." చుట్టూ చూసి నిజంగానే గొంతు తగ్గించింది. "ఆ సచ్చినాయన కోసమేగా వచ్చావు? పోలీసోళ్లకి చెప్పాను, నవ్వారు. పలక సందుల్లో తడి కాగితం గుజ్జు కుక్కి ఉందిరా, గాలి చొరబడకుండా. ఎండిపోయి సున్నంలా గట్టిపడింది. ఈ కొండమీద కాగితం ఎవరి దగ్గరుంటుంది చెప్పు? ఆ దొర దగ్గర తప్ప?"

దొర పేరు ప్రొఫెసర్ హాల్బెక్. స్విస్ దేశస్థుణ్ణని, ఈ తీరాన పూర్వం బతికిన లికియా జనం శాసనాలు సేకరిస్తున్నానని చెప్పుకుంటాడు. వేసవి నుంచి సమాధి పక్కనే డేరా వేసుకుని ఉంటున్నాడు.

ఆ సాయంత్రం ముహ్లిస్ చల్లనీళ్ల రేవుకు వెళ్లి పడవ యజమాని ఇద్రిస్ రెయిస్‌ను కలిశాడు. ఆయన ఆఫీసుకు పాత మనిషే. కోడ్ వాక్యం ప్రకారం ముహ్లిస్, "క్వినైన్ బాగా చేదుగా ఉందా, రెయిస్?" అని అడిగాడు. "చేదే ఆరోగ్యం" అన్నది జవాబు.

"మా ఆవిడ సూపు కంటే నయం," అన్నాడు ఇద్రిస్ రెయిస్.

"జవాబు అది కాదు."

"తెలుసు. అది అబద్ధం, ఇది నిజం. ఏ రోజు కావాలి పడవ?"

"శుక్రవారం. ఇంజిను వేడిగా పెట్టుకో."

గురువారం మధ్యాహ్నం ముహ్లిస్ సంచీ భుజాన వేసుకుని సమాధి దగ్గరికి ఎక్కాడు. ఎండ తెల్లగా కాస్తోంది. కింద సముద్రం అద్దంలా ఉంది. కీచురాళ్లు కూడా ఊరుకున్నాయి. రాతి దూలాలు, రాతి మేకులు, రాతి గడపతో ఆ సమాధి అచ్చం కొయ్య ఇల్లులాగే ఉంది. పలక ఇప్పుడు తెరిచే ఉంది. లోపలి చీకటిలోకి చూడకుండా ఉండటానికి అతను కష్టపడవలసి వచ్చింది.

"రండి డాక్టర్ బే, కూర్చోండి!" ప్రొఫెసర్ తురుష్కభాష శుభ్రంగా మాట్లాడతాడు, 'గారు' అనే చోట 'బే'తో సహా. అరవై ఏళ్ల మనిషి, మెత్తని చేతులు. "చూశారా ఈ జనాన్ని? తాము చెక్క గుడిసెల్లో బతికి, చచ్చినవాళ్లకి రాతిళ్లు కట్టారు. ఎక్కువ కాలం ఎక్కడుంటామో అక్కడే కదా బాగా కట్టుకోవాలి!"

డేరాలోంచి ఒక స్త్రీ బయటికి వచ్చింది. తెల్ల ప్యాంటు, మెడకు ఎర్ర సిల్కు స్కార్ఫ్, నల్ల కళ్లద్దాలు. ఫెథియే కాఫీ హోటల్లో మగవాళ్లంతా నెలరోజులుగా చెప్పుకుంటున్న మదామ్ ఐరిస్ ఈమే. ప్రొఫెసర్ సహాయకురాలు. అందం ఉంది కానీ నిద్ర లేదని బుగ్గలే చెబుతున్నాయి.

ముహ్లిస్ ప్రొఫెసర్ గుండె మీద స్టెతస్కోప్ పెట్టి, చుట్టూ చూశాడు. రెండు ఓలివ్ చెట్ల మధ్య తాడు మీద, సమాధి శాసనం అచ్చు వేలాడుతోంది. తడి కాగితాన్ని రాతి మీద పరిచి బ్రష్‌తో కొడితే అక్షరాలు కాగితంలోకి దిగుతాయి. ఎండాక ఒలిచి, చుట్టి, పోస్టులో జ్యూరిక్ పంపిస్తారట.

అతని చూపుడువేలు దానంతటదే కదిలింది. చిన్నప్పుడు మేకల వెంట ఇక్కడికొచ్చి, వేలు పెట్టి ఆ పంక్తుల మీదే లెక్కలు నేర్చుకున్నాడు. ఒకటి, రెండు, మూడు. రాతి మీద పన్నెండు పంక్తులు. ఎప్పుడూ పన్నెండే.

కాగితం మీద పదమూడున్నాయి.

నజ్మీ గోడమీద రాసింది తేదీ కాదు. రాతి మీద పన్నెండో పంక్తి కింది ఖాళీ చోట ప్రొఫెసర్ చెక్క అక్షరాలు అమర్చి, తడి కాగితంలోకి ఇంకో పంక్తి దించాడన్నమాట. ఉత్తరాలు తనిఖీ చేసే సెన్సారు ఆఫీసులో రెండు వేల ఏళ్ల నాటి రాత ఎవడు చదవగలడు?

ఆ అక్షరాలు చాలావరకు గ్రీకు అక్షరాలకు దగ్గరే, అవి చిన్నప్పుడు కొండమీది పిల్లల దగ్గర నేర్చినవే కాబట్టి ముహ్లిస్ మెల్లగా కూడబలుక్కున్నాడు. అక్షరాలు లికియావి, వాటి వెనక భాష తనకు ఉద్యోగంలో నేర్పిన జర్మన్.

శుక్రవారం. పప్పు. ఒకటిన్నర.

తల తిప్పేసరికి నల్ల కళ్లద్దాలు తన పెదవులనే చూస్తున్నాయి. అతని చెయ్యి సంచీ అడుగుకు పోబోయింది. ఆమె ఆవులించింది.

"నాకూ మాత్రలు కావాలి డాక్టర్ బే. ఇక్కడ కాదు, రేపు పొద్దున పదిన్నర దాటాక కొండమీది ఊళ్లో ఫొటోలు తీసుకుంటుంటాను. అక్కడికి తెచ్చిపెడతారా? పెద్ద చర్చి పైన మూడో ఇల్లు. గుర్తు చెబుతాను. వంటింట్లోంచి అంజూర చెట్టు మొలిచింది."

ప్రొఫెసర్ నవ్వాడు. "మదామ్‌కి శిథిలాలంటే ప్రాణం."

ముహ్లిస్ కొండ దిగుతూ ఆ మాటనే మళ్లీ మళ్లీ అనుకున్నాడు. అంజూర.

శుక్రవారం పొద్దున అతను పంతొమ్మిదేళ్ల తరువాత ఆ ఊళ్లో అడుగుపెట్టాడు. ఇళ్లకు పైకప్పులు లేవు. తలుపులు ఎప్పుడో వంటచెరకైపోయాయి. కొట్టుకోవడానికి తలుపులే లేకపోయినా, గాలి వీచినప్పుడల్లా అతని భుజాలు బిగుసుకున్నాయి.

ఆమె వంటింటి గోడకు ఆనుకుని నిలబడి ఉంది. కళ్లద్దాలు లేవు.

"మీ అమ్మ మా అమ్మ దగ్గర తోడు పట్టుకెళ్లేది పెరుగుకి," అంది. "నువ్వు గిన్నె పట్టుకుని వెనకే వచ్చేవాడివి. ముక్కు కారుతూ."

అతను ఆ మొహంలో పదేళ్ల పిల్లను వెతికాడు. దొరికింది.

"ఎవాంథియా?"

"ఆ పేరు పలికేవాళ్లు లేరిప్పుడు."

"నజ్మీ మనిషివి నువ్వేనా?"

"నేనే. ఆ ముసలాడి మనిషిని కూడా నేనే. నా తమ్ముడు రోడ్స్ దీవి జైల్లో ఉన్నాడు. ప్రొఫెసర్ ఉత్తరం ముక్క రాస్తే బతుకుతాడు, రాయకపోతే చస్తాడు. ఒక చెయ్యి ఇటు, ఒక చెయ్యి అటు పెట్టుకుని నెట్టుకొచ్చాను." సిగరెట్ వెలిగించబోయింది. అగ్గిపుల్ల రెండుసార్లు ఆరిపోయింది. "ముసలాడికి అనుమానం వచ్చింది. నీ విశ్వాసం నిరూపించుకో, నజ్మీని సమాధి దగ్గరికి తీసుకురా అన్నాడు. తీసుకొచ్చాను."

ముహ్లిస్ భుజాన ఉన్న సంచీ నేలమీద దింపాడు.

"ముసలాడి మనుషులు లోపలికి నెట్టి పలక జరిపారు. గుజ్జు మెత్తిన చేతులు నావే. బయట కూర్చోబెట్టాడు నన్ను. పట్టపగలు ముహ్లిస్, ఎండ, కింద పడవలు. నజ్మీ సాయంత్రం దాకా తట్టాడు. మూడుసార్లు తట్టి ఆగేవాడు. మళ్లీ మూడుసార్లు. ఆ శాసనం చివర ఏముందో తెలుసా? ఈ ఇంటిలో పరాయి మనిషిని పెట్టినవాణ్ణి పాతాళ దేవతలు అడుగుతారని. అది చదువుతూ కూర్చున్నాను. చదవడం నాకొచ్చే!"

ఆమె వెలగని సిగరెట్‌ను అంజూర చెట్టు మొదట్లోకి విసిరేసింది.

"ఒక్కటి అడుగుతాను, నిజం చెప్పు," అందామె. "లోపల నా పేరు రాశాడా?"

"లేదు."

"నేనని తెలియకపోవచ్చు..." అని ఆగి, తనే తల అడ్డంగా ఊపింది. "తెలుసు. పలక మూసుకుంటుంటే నా మొహం చూశాడు."

"రాయడానికి పొద్దంతా ఉంది వాడికి. బకిల్ ఉంది, గోడ ఉంది. పదమూడు అని మాత్రమే రాశాడు. నీ పేరు రాస్తే ఎవడైనా చదువుతాడు, ముసలాడూ చదువుతాడు. లోపలి మనిషిని బయటపెట్టకూడదన్నది మా మొదటి రూలు."

ఆమె నేలమీద కూలబడింది. ఏడుపు రాలేదు. నోరు తెరిచి గాలి పీల్చుకుంది, అంతే. తరువాత గబగబా చెప్పింది.

"బాంబు పప్పు బస్తాలో ఉంది, స్టీమరు అడుగున. రెండో గిడ్డంగి, మెట్ల పక్క వరస. మూతి నీలం దారంతో కుట్టారు. గడియారం ఒకటిన్నరకి. ముసలాడు డేరా ముందు కూర్చుని చూస్తాడు. పన్నెండుకి కదా స్టీమరు, ఇంకా టైముంది..."

అప్పుడే కొండ అవతల నుంచి స్టీమరు కూత వినిపించింది. పొడుగ్గా రెండుసార్లు.

ముహ్లిస్ వాచీ చూశాడు. పదకొండు. నైరుతి గాలి రేగుతోందని కెప్టెన్ గంట ముందే లంగరెత్తాడు.

"నువ్వు దిగు," అందామె లేస్తూ. "ముసలాడి దగ్గరికి నేను పోతాను. పారిపోకుండా చూసుకోవాలిగా."

నమ్మాలా? ఆలోచించడానికి సమయం లేదు. సంచీ అడుగునుంచి పిస్తోలు తీసి ఆమె చేతిలో పెట్టాడు. అదే రూలు పుస్తకంలో అంతకంటే పెద్ద తప్పు ఇంకొకటి లేదు.

దారిలో దోన్‌దూ అవ్వ కొడుకును జెండర్మ్ అనే సైనిక పోలీసుల ఠాణాకు పరుగెత్తించి, తను గంటలో చల్లనీళ్ల రేవు చేరాడు. ఇద్రిస్ రెయిస్ మోటారు పడవ సెలామెత్ వెనకాల పడింది. గాలి ఎదురు. పన్నెండూ ముప్పావుకి స్టీమరు పొగ కనిపించింది. ఒంటిగంటా పదికి దాని పక్కకొచ్చారు. ముహ్లిస్ చేతులూపాడు, అరిచాడు. పైనుంచి కెప్టెన్ కూడా అరిచాడు.

"తప్పుకో, గాడిదా! చేపలు అటెళ్లి పట్టుకో!"

"ఆగడటండీ," అన్నాడు ఇద్రిస్ రెయిస్. చుక్కాని తిప్పి పడవను తిన్నగా స్టీమరు ముక్కు కిందికి పోనిచ్చాడు. స్టీమరు ఇంజిన్లు వెనక్కి తిరిగి నురగ కక్కాయి. తాడు నిచ్చెన కంటే ముందు తిట్లు దిగాయి. పైకెక్కిన ముహ్లిస్ తన అసలు కార్డు చూపించాక కెప్టెన్ మొహం పాలిపోయింది.

రెండో గిడ్డంగి, మెట్ల పక్క వరస. ఒకటీ ఇరవై ఒకటి.

నీలం దారం ఒక్క బస్తాకు కాదు. పదకొండు బస్తాలకుంది. రేవులో కుట్టే ఆడవాళ్లకు తెల్ల దారం అయిపోయింది కాబోలు.

"అందర్నీ పైకి పొమ్మనండి," అని ముహ్లిస్ స్టెతస్కోప్ చెవులకు తగిలించుకున్నాడు. మొదటి బస్తా మీద పెట్టాడు. తట్టిన చప్పుడు. ఊపిరి బిగబట్టి విన్నాక తెలిసింది, అది తన గుండె. రెండోదీ అంతే. మూడు, నాలుగు, అయిదు. బస్తాల లోపల నుంచి ఎవరో మూడుసార్లు తట్టి ఆగుతున్నట్టే ఉంది.

"ఉండు నజ్మీ," అన్నాడు పైకే. "ఉండు, వింటున్నాను."

తొమ్మిదో బస్తా. గుండె చప్పుడు కాని చప్పుడు. సన్నగా, ఆగకుండా, టిక్ టిక్. ఒకటీ ఇరవై ఆరు.

పొమ్మన్నా పోని కెప్టెన్, ఇద్దరు కలాసీలు, చేతులు చాచిన ఒక లావుపాటి నర్సు. అయిదుగురూ బస్తాను మెట్ల మీదుగా ఎత్తి డెక్కు అంచు కమ్మీల దాకా ఈడ్చారు. మూట సముద్రంలో పడగానే కెప్టెన్ ఇంజిన్లు పూర్తి వేగంలో పెట్టించాడు. వాళ్లు ఇరవై అంకెలు కూడా లెక్కపెట్టలేదు. వెనక నీళ్లు కొండలా లేచాయి. స్టీమరు పక్కకు ఒరిగి మళ్లీ నిలబడింది. ఆకాశంలోంచి ఎర్ర పప్పు వానలా రాలింది.

కొండమీద, డేరా ముందు, ప్రొఫెసర్ ఆ చప్పుడు విని వాచీ చూసుకున్నాడట. "క్రమశిక్షణ," అని తృప్తిగా బైనాక్యులర్స్ ఎత్తాడట. పొగలోంచి సెలామెత్ తాపీగా బయటికి రావడం చూశాక కానీ, వీపుకు తగిలిన పిస్తోలు సంగతి తెలియలేదు ఆయనకు. జెండర్మ్‌లు వచ్చేదాకా గంటసేపు ఎవాంథియా ఆయన్ని అలాగే నిలబెట్టింది. ఎండలోనే.

మర్నాడు ఆమెను ఇజ్మీర్ తీసుకెళ్లే జీపులో ముహ్లిస్ పక్కనే కూర్చున్నాడు. తమ్ముడి గురించి ఏ కబురూ లేదు. వస్తుందని అతను మాటివ్వలేదు, ఆమె అడగలేదు. కనుమ మలుపులో జీపు ఆగితే, దూరంగా ఎవరో రాళ్లు కొడుతున్న చప్పుడు వినిపించింది. ఆమె చేతులు బిగుసుకున్నాయి.

"నిద్రలో కూడా ఆ తట్టుడు వినిపిస్తుందా?" అడిగాడు.

"మెలకువలోనే ఎక్కువ. నీకు?"

అతను అబద్ధం చెబుదామనుకున్నాడు. "నిన్నటి నుంచి," అన్నాడు.

మిషన్ రహస్యం కాబట్టి, సముద్రంలో అంత పెద్ద చప్పుడు ఎందుకైందో జనానికి ఏదో ఒకటి చెప్పాల్సి వచ్చింది. ఇద్రిస్ రెయిస్ డైనమైట్ వేసి చేపలు పట్టాడని ఠాణాలో కేసు రాసి, మూడు రోజులు లోపల పెట్టారు. నాలుగో రోజు ముహ్లిస్ వచ్చి చేతులు పట్టుకుని క్షమాపణ చెప్పాడు.

"ఫర్వాలేదు డాక్టర్ బే," అన్నాడు ఇద్రిస్ రెయిస్ టోపీ దులుపుకుంటూ. "దేశాన్ని కాపాడినందుకు మూడు రోజులేగా. నిజంగా చేపలే పట్టి ఉంటే ఆరు నెలలు వేసేవాళ్లు."